బెల్టు ఆగిన మూడు గంటలు

స్వతవా కలబోవా ఒలొమౌత్స్ జిల్లా కోర్టులో పదేళ్ళు స్టెనోగ్రాఫర్‌గా పనిచేసింది. సాక్షి నోరు తెరిచిన క్షణం నుంచి మూసేదాకా ఆమె పెన్సిలు ఆగేది కాదు. సాక్షి దగ్గితే దగ్గినట్టు, మాట మింగితే మింగినట్టు ఆ షార్ట్‌హ్యాండ్ గీతల్లో పడిపోయేది. కానీ ఆ పుస్తకం ఎవరూ చదివేవారు కాదు. జడ్జిగారు అంతా విని, ఒక్క క్షణం కళ్ళు మూసుకుని, దాన్ని కోర్టు భాషలో తిరగ చెప్పేవారు. రికార్డుకెక్కేది ఆ తిరగ చెప్పిన మాటే. కోడి దొంగతనం కేసులో ఒక ముసలమ్మ, "అది నా కొంగు పట్టుకునే తిరిగేది బాబూ, పక్కింటావిడ పెరట్లో ఎముకలు చూసి గుర్తుపట్టాను, దాని ఎడమకాలు కాస్త వంకర" అని కళ్ళు తుడుచుకుంటే, రికార్డులో "సాక్షి తన సొత్తును శారీరక లక్షణముల ఆధారమున గుర్తించినది" అని పడింది. ఆ రోజు ఇంటికి నడిచి వెళుతూ స్వతవా ఆ ముసలమ్మ మాటల్ని దారి పొడవునా గొణుక్కుంది. ఎందుకో ఆమెకే తెలియదు. పారేయడానికి మనసొప్పలేదు, అంతే.

పంతొమ్మిది వందల అరవై ఒకటిలో, మార్చి నెలలో, ప్రాగ్ నుంచి రాదిమ్ వోండ్రా అనే యువకుడు ఆ కోర్టుకొచ్చాడు. సినిమా బడి నుంచి అప్పుడే బయటపడ్డాడు. స్వెటర్ మోచేతి దగ్గర చిరుగు. తన మొదటి సినిమా కోసం పల్లెటూరి దొంగతనాల కేసులు చదవాలని అనుమతి కాగితం తెచ్చుకున్నాడు. రెండు రోజులు రికార్డు గదిలో కూర్చుని, మూడో రోజు తల పట్టుకుని బయటికొచ్చి మెట్ల మీద కూలబడ్డాడు. స్వతవా అక్కడే కూర్చుని ఇంటి నుంచి తెచ్చుకున్న రొట్టె తింటోంది.

"ఈ ఊళ్ళో జనం నిజంగా ఇలాగే మాట్లాడతారాండీ?" అని అడిగాడు. "కోడిపెట్టని పోగొట్టుకున్న ముసలమ్మ కూడా మంత్రిగారి ఉపన్యాసంలా మాట్లాడుతుందేంటి?"

"ఆవిడ అలా అనలేదు," అంది స్వతవా.

"మరేమంది?"

స్వతవా రొట్టె ఒళ్ళో పెట్టుకుని చెప్పింది. ఆ ముసలమ్మ ఎక్కడ ఆగిందో అక్కడ ఆగింది. మధ్యలో పక్కింటావిడ అందుకున్న మాట కూడా, ఆమె గొంతులోనే, అదే జోరులో చెప్పింది. నాలుగేళ్ళ కిందటి మాటలవి. రాదిమ్ సిగరెట్ వెలిగించడం మరిచిపోయి అగ్గిపుల్ల వేలికి తగిలేదాకా పట్టుకుని ఉండిపోయాడు.

"ఇంకేమైనా గుర్తున్నాయా?"

"అన్నీ గుర్తున్నాయి," అంది ఆమె, అదేదో తప్పు ఒప్పుకుంటున్నట్టు.

ఆ ఏడాది శరదృతువులో స్వతవా రాదిమ్ సినిమాలకి మాటలు రాయడానికి ప్రాగ్‌కి మకాం మార్చింది. అప్పటికి ఆమెకు ముప్పై ఏళ్ళు. లితొవెల్‌లో ఉన్న తల్లి ట్రంకుపెట్టె సర్దిపెడుతూ, "సినిమావాళ్ళు నిన్ను పెట్టుకుని ఏం చేసుకుంటారే, నువ్వు ఫొటోలోనే సరిగ్గా పడవు," అంది. పెట్టెలో గుడ్డలకంటే పైన, కాగితంలో చుట్టిన ఒలొమౌత్స్ జున్ను పెట్టింది. దాని కంపుకి మిగతావాళ్ళు లేచిపోయి, రైల్లో ఆ గది మొత్తం స్వతవాకే మిగిలింది.

స్టూడియో స్క్రిప్టు విభాగంలో పెద్ద తలకాయ జీబర్ట్. యాభై ఏళ్ళ మనిషి. ఎప్పుడూ ఎర్ర పెన్సిలు చెవి వెనక పెట్టుకుని ఉండేవాడు. ఒలొమౌత్స్ చుట్టుపక్కల హనా ప్రాంతంవాళ్ళు మాటల్ని సాగదీసి పలుకుతారు కదా, స్వతవా కూడా అంతే. ఆమె "నమస్కారం" అనగానే కారిడార్లో నవ్వులు వినిపించేవి. ఆమె నొచ్చుకోలేదు. నవ్విన ప్రతివాడూ ఎలా నవ్వాడో గుర్తు పెట్టుకుంది.

మొదటి స్క్రిప్టు చూసి జీబర్ట్ కళ్ళజోడు తీసి తుడిచి మళ్ళీ పెట్టుకున్నాడు. పేజీ నిలువునా మూడు వరుసలుగా విడిపోయి ఉంది. ఒక వరుసలో ఒకరి మాట, పక్క వరుసలో అదే సమయంలో మాట్లాడుతున్న ఇంకొకరి మాట, మూడో దాంట్లో ఎవరికీ చెప్పకుండా గొణుక్కునేవాళ్ళ మాట.

"ఇది స్క్రిప్టా, రైల్వే టైమ్‌టేబులా, కామ్రేడ్?"

"రైళ్ళే నయం కామ్రేడ్. ఒకదాని తర్వాత ఒకటి వస్తాయి. మనుషుల మాటలు అలా రావు."

జీబర్ట్ ఎర్ర పెన్సిలు చెవి వెనకనుంచి తీశాడు, కాసేపు తిప్పాడు, మళ్ళీ అక్కడే పెట్టుకున్నాడు. స్క్రిప్టు మీద గీత పెట్టలేదు.

అవి ప్రాగ్‌లో కుర్రకారుకి రెక్కలొచ్చిన రోజులు. కెమెరాని సంతసంచీలో దాచి వీధిలో తిప్పేవాడొకడు, నటుల్ని పక్కనపెట్టి పాలకొట్టు అమ్మాయితో హీరోయిన్ వేషం వేయించేవాడొకడు, ఫిల్ముని వెనక్కి తిప్పి చావుతో మొదలెట్టి పుట్టుకతో ముగించేవాడొకడు. స్టూడియో క్యాంటీన్‌లో బంగాళాదుంప సూపు చల్లారిపోయేదాకా వాదనలు. స్వతవా ఆ వాదనల్లో కూర్చునేది కాదు. పక్క బల్ల దగ్గర, వంటావిడా పెయింటరూ పోట్లాడుకుంటుంటే అక్కడ కూర్చునేది. "నువ్వు ఎవరి పక్షం?" అని ఎవరైనా అడిగితే, "వంటావిడ పక్షం. ఆవిడ మాటలు బావున్నాయి," అనేది.

రాదిమ్, ఆమె కలిసి రెండు చిన్న సినిమాలు తీశారు. పత్రికల్లో నాలుగు వాక్యాలు పడ్డాయి. మూడోది, అరవై ఆరులో తీసింది, స్వతవా జీవితాన్ని తిప్పేసిన సినిమా.

లితొవెల్‌కి కాస్త దూరంలో పళ్ళని ఉడికించి డబ్బాల్లోకి ఎక్కించే ఫ్యాక్టరీ ఒకటి ఉండేది. ఆల్‌బుఖారా పళ్ళ కాలంలో అక్కడ నలభైమంది ఆడవాళ్ళు పళ్ళు మోసుకొచ్చే బెల్టు పక్కన నిలబడి కుళ్ళిన పళ్ళు ఏరేవాళ్ళు. స్వతవా తలకి గుడ్డ కట్టుకుని ఆరు వారాలు అందులో కూలికి చేరింది. తను రచయిత్రినని దాచలేదు, చెప్పినా ఎవరూ పట్టించుకోలేదు. "సినిమా రాస్తావా? అయితే ఆ గంప ఇటు జరుపు," అంది ఆమె పక్కన నిలబడ్డ అపొలేనా తొమెచ్కోవా. అపొలేనాకి అరవై దాటాయి. పొట్టి మనిషి, పళ్ళరసంతో నల్లబడ్డ వేళ్ళు, ఎవరినీ లెక్కచేయని నోరు. స్వతవా ఆమెను పిన్నీ అని పిలిచేది.

మూడో వారంలో ఒక మధ్యాహ్నం బెల్టు ఆగిపోయింది. యంత్రంలో గేరు చక్రం విరిగింది. మెకానిక్ కొత్తది తేవడానికి మోటార్‌సైకిల్ మీద ఒలొమౌత్స్ వెళ్ళాడు. మూడు గంటలసేపు నలభైమంది ఆడవాళ్ళకి చేయడానికి పనేమీ లేదు. గంపల మీద కూర్చున్నారు. కందిరీగలు పళ్ళ మీద ముసురుతున్నాయి. మొదట ఫోర్‌మన్‌ని తిట్టుకున్నారు, తర్వాత కోడళ్ళని తిట్టుకున్నారు, తర్వాత ఎవరో ఎవరిదో ప్రసవం గురించి చెప్పారు. ఎక్కడో మధ్యలో అపొలేనా, ఎవరూ అడక్కుండానే, తన తమ్ముడి సంగతి ఎత్తింది.

"యాభై ఒకటిలో తీసుకెళ్ళారు మావాణ్ణి. సమష్టి వ్యవసాయానికి గుర్రాలు ఇవ్వనన్నాడని. అయిదేళ్ళకి వదిలారు. నేను పిండి కలుపుతున్నా, తలుపు దగ్గర ఎవరో ఉన్నట్టనిపించింది. చూస్తే వాడు. టోపీ చేతిలో పట్టుకుని, లోపలికి రావచ్చా అనడిగాడు. వాడి ఇల్లేగా అది. రారా అన్నాను. వచ్చాడు. వంటింటి గుమ్మం దగ్గర మళ్ళీ ఆగి, రావచ్చా అన్నాడు. అప్పట్నుంచీ అంతే. ప్రతి గుమ్మం దగ్గరా అడుగుతాడు. పోయినేడు పోయాడు. అప్పటిదాకా అడుగుతూనే ఉన్నాడు."

ఒకామె అపొలేనాకి తన రొట్టెలో సగం తుంచి ఇచ్చింది. దూరంగా మోటార్‌సైకిల్ చప్పుడైంది. అందరూ లేచి తలగుడ్డలు సర్దుకున్నారు.

సినిమా అదే. బెల్టు ఆగుతుంది, ఆడవాళ్ళు మాట్లాడుకుంటారు, బెల్టు మళ్ళీ కదులుతుంది. స్వతవా మూడు వరుసల పేజీల్లో ఆ మూడు గంటలనీ రాసింది. అపొలేనా తమ్ముడి సంగతి నలభై ఒకటో పేజీలో మూడో వరుసలో ఉంది. పేర్లు తీసేసింది. షూటింగ్‌కి ముందు ఆమె దగ్గరికెళ్ళి, "పిన్నీ, ఇది సినిమాలో పెట్టొచ్చా?" అని అడిగింది.

"జరిగిందేగా. పెట్టుకో."

"నువ్వే చెప్పాలి మరి, కెమెరా ముందు."

"నీ వేషానికి నేను రంగు పూసుకోను, ముందే చెప్తున్నా."

ఎవరూ రంగు పూసుకోలేదు. ఫ్యాక్టరీ ఆడవాళ్ళంతా తమ వేషాలు తామే వేశారు. అపొలేనా మాట్లాడే ఘట్టాన్ని రాదిమ్ అయిదుసార్లు తీయాలనుకున్నాడు. మొదటిసారి అయ్యాక కెమెరామన్ మొహం పక్కకి తిప్పుకున్నాడు. రెండోసారికి దీపాలు సర్దుతుంటే అపొలేనా గంప మీద నుంచి లేచింది.

"ఎక్కడికమ్మా? ఇంకోసారి తియ్యాలి," అన్నాడు రాదిమ్.

"చెప్పాను కదా నాయనా ఒకసారి. మళ్ళీ చెప్తే కథైపోతుంది."

ఆ ఒక్కసారి తీసిందే సినిమాలో ఉంది.

అనుమతి ఇచ్చే సంఘం ముందు సినిమా వేసినప్పుడు గొడవైంది. ఆ ముసలామె మాటలు తీసేయమన్నారు. అప్పుడు నోరు విప్పింది జీబర్ట్. "అందులో ఏముంది కామ్రేడ్స్? ఒకాయన మర్యాదగా అడిగి లోపలికొచ్చాడు. మన యువకులకి నేర్పాల్సిన మర్యాదే అది," అన్నాడు, మొహంలో ఒక్క కండరమైనా కదలకుండా. అధ్యక్షుడికి నవ్వాలో కోప్పడాలో తెలియలేదు. ఆ గందరగోళంలో కాగితం మీద సంతకం పడిపోయింది. బయటికొచ్చాక స్వతవా కృతజ్ఞత చెప్పబోతే, "నాకు నీ టైమ్‌టేబుల్ ఇప్పటికీ అర్థం కాలేదు. వెళ్ళు," అన్నాడు.

అరవై ఎనిమిది మార్చిలో సినిమా విడుదలైంది. ప్రాగ్‌లో టిక్కెట్ల కోసం వరసలు కట్టారు. పోస్టర్ మీద స్వతవా ఇంటిపేరు తప్పు పడింది. ఒక పత్రికవాడు ఆమెను కలిసి, ఇంత సహజమైన సంభాషణలు ఎలా కల్పించారని అడిగితే, "నేను ఒక్క మాట కూడా కల్పించలేదు. విన్నాను, రాశాను," అంది. ఆ వాక్యాన్ని పెద్దక్షరాల్లో వేశారు. ఆమె తల్లి దాన్ని కత్తిరించి అల్మారా తలుపుకి లోపలివైపు అంటించుకుంది.

ఆగస్టులో రష్యా ట్యాంకులొచ్చాయి. మరుసటి ఏడాది రాదిమ్ మ్యూనిక్ వెళ్ళిపోవడానికి సిద్ధమై, చివరిసారి స్వతవా గదికి వచ్చాడు. ప్రాగ్‌లోనే జిజ్కోవ్ పేటలో, లోపలి వసారాలోంచి వెళ్ళే చిన్న గది అది.

"నువ్వూ రా. ఇక్కడ మనల్ని ఊపిరి తీసుకోనివ్వరు."

"అక్కడ నేనేం చేస్తాను?"

"రాస్తావు."

"ట్రామ్‌లో నా వెనక కూర్చున్నవాళ్ళు ఏం మాట్లాడుకుంటున్నారో నాకు అర్థం కాని ఊళ్ళో నేనేం రాస్తాను రాదిమ్? నువ్వు వెళ్ళు. నీది కళ్ళతో పని. కళ్ళు ఎక్కడైనా పనిచేస్తాయి."

అతను వెళ్ళిపోయాడు. డెబ్బై వసంతంలో సినిమాని హాళ్ళనుంచి లాగేశారు. ఆ తర్వాత రెండు వారాలకి స్వతవాకి పిలుపొచ్చింది.

గదిలో ముగ్గురున్నారు. మాట్లాడింది ఒక్కడే, ముప్పై ఏళ్ళ లోపువాడు, దువ్విన జుట్టు. బల్ల మీద స్క్రిప్టు, దాని పక్కన ఆ పత్రిక కాగితం. అతను చాలా మర్యాదగా మాట్లాడాడు.

"కామ్రేడ్ కలబోవా, మీరు పనిమంతులు. మిమ్మల్ని పోగొట్టుకోవడం మాకిష్టం లేదు. ఈ కాగితం చదవండి. దర్శకుడు వోండ్రా, చదువుకోని కూలీల్ని రెచ్చగొట్టి, వాళ్ళ సొంత కక్షలు కెమెరా ముందు చెప్పించాడు. మీరు రాసింది కాదది. మీకు సంబంధం లేదు. సంతకం పెడితే రేపు మామూలుగా పనిలోకి రావచ్చు."

స్వతవా చదివింది. అందులో ఉన్నది చాలావరకు నిజమే, అదే చిక్కు. మాటలు ఆమెవి కావు. ఆ సంగతి ఆమే ఊరంతా చాటుకుంది. కానీ సంతకం పెడితే రేపు లితొవెల్‌లో ఎవరి తలుపు కొడతారో ఆమెకు తెలుసు. అపొలేనా బతుకు పింఛను మీదే. ఆమె కూతురు యిత్కా శిశువిహార్‌లో టీచరు.

"ఇది నిజం కాదు," అంది స్వతవా. "ఆ మాటలు నేనే రాశాను. నలభై ఒకటో పేజీ, మూడో వరుస. చూడండి."

అతను చూడలేదు. పత్రిక కాగితం ముందుకు జరిపాడు. "ఒక్క మాట కూడా కల్పించలేదని మీరే చెప్పారు కదా."

"పత్రికలవాళ్ళ ముందు గొప్పకి అన్నాను. సినిమావాళ్ళం కదా, మేం గొప్పలు పోతాం."

"ఆ ముసలామెకి నిజంగానే ఒక తమ్ముడుండేవాడు. నిజంగానే జైలుకెళ్ళాడు."

"మన దేశంలో అలాంటి తమ్ముళ్ళు ఎంతమంది ఉన్నారో నాకంటే మీకే బాగా తెలియాలి కామ్రేడ్. ఎవరి గురించి రాసినా ఎవరికో ఒకరికి సరిపోతుంది."

చివరన కూర్చున్న పెద్దాయన కిటికీ వైపు చూశాడు. యువకుడు పెన్నుకి మూత పెట్టాడు.

"అంటే ప్రతి అక్షరం మీదే అంటారు."

"నాదే. ఆవిడ నేను చెప్పమన్నది చెప్పింది. ఆవిడకి అర్థమైందో లేదో కూడా నాకు తెలీదు."

ఆఖరి వాక్యం అంటున్నప్పుడు ఆమెకు మొహం వేడెక్కింది. అపొలేనాని తెలివితక్కువదాన్ని చేసి మాట్లాడినందుకు. పదేళ్ళు కోర్టులో కూర్చుని ఎందరో అబద్ధాలాడగా విన్న మనిషే అయినా, అధికారుల ముందు తను అబద్ధమాడడం అదే మొదటిసారి. బాగానే ఆడానని ఆమెకు తర్వాత అనిపించింది. ఎక్కడ ఆగాలో, ఎక్కడ కళ్ళలోకి చూడాలో అంత తెలిసి ఎవరాడతారు.

ఆమె ఉద్యోగం పోయింది. ఏ స్టూడియోలోనూ, ఏ పత్రికలోనూ ఆమె పేరు కనపడకూడదన్నారు. మళ్ళీ కోర్టుకెళ్ళి స్టెనో పని అడిగితే, నమ్మకస్తులకే ఇస్తామన్నారు. ఆఖరికి జిజ్కోవ్‌లోనే, మేజోళ్ళు బాగుచేసే చిన్న దుకాణంలో పని దొరికింది. నైలాన్ మేజోడుకి ఒక కుట్టు జారితే మడమ నుంచి తొడదాకా గీత పడిపోతుంది. దాన్ని గ్లాసు మూతి మీద బిగించి, సన్నటి విద్యుత్ సూదితో ఒక్కొక్క కుట్టునీ పైకి ఎత్తాలి. దుకాణం అద్దానికి ఎదురుగా ముగ్గురు కూర్చునేవాళ్ళు. స్వతవాకి కుడివైపు హెడా, లావుపాటి మనిషి, నాలుగు పెళ్ళిళ్ళ అనుభవం. ఎడమవైపు ల్యూబా, తక్కువ మాట్లాడి ఎక్కువ నిట్టూర్చేది.

మొదటి వారం స్వతవా బాగుచేసినవాటికంటే చింపినవే ఎక్కువ. "నీ చేతులు పెన్సిలుకే పుట్టాయి కాబోలు," అంది హెడా. "పోనీలే, నువ్వు చింపినవాటితో మనం శీతాకాలమంతా పని చేసుకోవచ్చు." మూడు నెలలకి ఆమె అందరికంటే వేగంగా కుట్టు ఎత్తేది. దుకాణానికొచ్చే ఆడవాళ్ళు కాళ్ళ గురించి మొదలెట్టి మొగుళ్ళ దాకా, అక్కడినుంచి దేశం దాకా వెళ్ళేవాళ్ళు. స్వతవా తల వంచుకుని వినేది. కాగితం మీద మాత్రం పెట్టేది కాదు. రాయడమంటే ఎవరి పీకల మీదికి తేవడమో ఆమెకు ఇప్పుడు తెలుసు.

డెబ్బై రెండు అక్టోబరులో ఒక ఉదయం తలుపు గంట మోగింది. లోపలికొచ్చింది అపొలేనా. చేతిలో సంచీ, మీద మంచి కోటు, తలకి చర్చికి కట్టుకునే గుడ్డ. బల్ల మీద ఒక జత ముతక ఉన్ని మేజోళ్ళు పెట్టింది.

"ఇవి బాగుచెయ్యి."

"ఇవి ఉన్నివి పిన్నీ. ఈ మిషను నైలాన్‌కే. అయినా వీటికి చిరుగేదీ?"

"చిరుగు లేదు. నీ దగ్గరికి ఉత్త చేతుల్తో రాలేక తెచ్చా." స్టూలు లాక్కుని కూర్చుంది. "నేను చెప్పిన మాటలు నీవని చెప్పుకున్నావట."

హెడా మిషను ఆపేసింది. ల్యూబా కూడా.

"చెప్పుకున్నాను," అంది స్వతవా.

"పైగా నాకు అర్థం కాలేదని కూడా అన్నావట."

"అన్నాను పిన్నీ."

"దొంగముండా. నా తమ్ముణ్ణి నువ్వు పుట్టించావన్నమాట." సంచీ ఒళ్ళోకి లాక్కుంది. "నన్నూ పిలిచారు. ఇవి నీ మాటలేనా అన్నారు. అవునందామని నోరు తెరిచా. ఇంతలో ఆ దువ్వుకున్న కుర్రాడు, కలబోవా అన్నీ తనవేనని ఒప్పుకుంది కదా అన్నాడు. నోరు మూసుకున్నా. యిత్కా గుర్తొచ్చింది. రెండేళ్ళు పట్టింది నాకు రైలెక్కడానికి."

"నువ్వు నోరు మూసుకోవాలనే కదా నేను తెరిచింది."

"అది నాకు తెలీదనుకున్నావా? తెలియకపోతే ఇంత దూరం వస్తానా?"

తర్వాత అపొలేనా సంచీలోంచి గసగసాల కొలాచ్ రొట్టెలు తీసి బల్ల మీద పరిచింది, బాగుచేసిన మేజోళ్ళ పక్కనే. నలుగురూ తిన్నారు. మధ్యాహ్నం బండికి స్వతవా ఆమెను స్టేషన్‌లో దింపింది. రైలు కదలబోతుండగా అపొలేనా కిటికీలోంచి, "నువ్వు రాయకుండా ఉంటున్నావట, ఆ లావుపాటావిడ చెప్పింది. అది మాత్రం నాకు నచ్చలేదు," అంది.

ఆ మాట స్వతవాకి ముల్లులా దిగింది. ఆ చలికాలంలోనే జీబర్ట్ దుకాణానికొచ్చాడు, భార్య మేజోళ్ళు పట్టుకుని. అతన్నీ పక్కకి తోశారు. పిల్లల బొమ్మల సినిమాల విభాగంలో పడేశారు. మేజోళ్ళ లోపల, ఎలాంటి కథలు కావాలో రాసిన చీటీ ఒకటి మడిచి ఉంది. హెడా దాన్ని చూడనట్టు నటించింది.

"బొమ్మలకి కథలు కావాలి," అన్నాడు జీబర్ట్ గొంతు తగ్గించి. "నా పేరు వేస్తాను. నా పేరుకి ఇంక పోయేదేం లేదు. ఒక్కటే ఇబ్బంది. మా బొమ్మలు మాట్లాడవు."

జీవితమంతా మాటలతో బతికిన మనిషి మాటల్లేని కథలు రాయడం మొదలెట్టింది. మొదటిది రాయడానికి అయిదు నెలలు పట్టింది. చెవిటి ముళ్ళపంది ఒకటి బూట్లు కుట్టే కొట్టు పెట్టుకుంటుంది. వచ్చినవాళ్ళకి ఏం కావాలో వాళ్ళ నడకని బట్టి కనిపెడుతుంది. పిల్లలు దానికి పడిపోయారు. పదమూడేళ్ళలో తొమ్మిది కథలు రాసింది స్వతవా. టీవీలో ముళ్ళపంది వస్తున్నప్పుడు దుకాణంలో ఆడవాళ్ళు, "ఆ జీబర్ట్ ఎవరోగానీ ఆడవాళ్ళ నడక భలే చూశాడే," అనుకునేవాళ్ళు. హెడా గట్టిగా దగ్గేది.

అపొలేనా ఎనభై ఒకటిలో పోయింది. స్వతవా అంత్యక్రియలకి వెళ్ళి, వెనక వరసలో నిలబడి వచ్చేసింది. జీబర్ట్ ఆ తర్వాత నాలుగేళ్ళకి పోయాడు. పోయేముందు ఆస్పత్రిలో, "నీ టైమ్‌టేబుల్ నాకు మొదటి రోజే అర్థమైంది. చెప్తే నెత్తికెక్కుతావని చెప్పలేదు," అన్నాడు.

ఎనభై తొమ్మిదిలో కమ్యూనిస్టు ప్రభుత్వం కూలింది. మరుసటి వసంతంలో, ఒక గోదాములో, వేరే పేరున్న డబ్బాల్లో ఆ సినిమా రీళ్ళు దొరికాయి. ఎవరో కావాలనే పేరు మార్చి దాచి ఉంటారు. ఎవరన్నది తేలలేదు. లితొవెల్‌లో ఆదివారం మధ్యాహ్నం ఆట వేశారు. రాదిమ్ మ్యూనిక్ నుంచి వచ్చాడు. తల తెల్లబడింది. తన భాషని ఆచితూచి, పుస్తకం చూసి చదువుతున్నట్టు మాట్లాడుతున్నాడు. "నువ్వు చెప్పింది నిజమే స్వతవా," అన్నాడు. "అక్కడ ట్రామ్‌లో నాకూ ఏమీ వినిపించలేదు." ఆమె అతని చెయ్యి పట్టుకుని హాల్లోకి తీసుకెళ్ళింది.

హాలు నిండింది. ఫ్యాక్టరీ ఆడవాళ్ళలో మిగిలినవాళ్ళు ముందు వరసల్లో కూర్చుని, తెర మీద తమ పడుచు మొహాల్ని చూసి ఒకరినొకరు పొడుచుకున్నారు. "అదుగో నా నడుము. ఉండేది నాకు నడుము." అపొలేనా మాట్లాడడం మొదలుపెట్టగానే ఆ సందడి ఆగిపోయింది.

ఆట అయ్యాక స్వతవాని వేదిక మీదికి పిలిచారు. ఆమెకు వేదికలు అలవాటు లేదు.

"ఆ మాటలు అపొలేనా తొమెచ్కోవావి," అంది. "ఇరవై ఏళ్ళ కిందట అవి నేను రాశానని ఒకచోట చెప్పాను. అది అబద్ధం. ఆవిడ బంధువులు ఎవరైనా ఇక్కడుంటే క్షమించాలి."

నాలుగో వరసలోంచి యిత్కా లేచింది. ఆమెకూ యాభై దాటాయి. "మా అమ్మ పోయేదాకా మాకు ఒకటే చెప్పింది," అంది. "అదంతా కలబోవా రాసిందే, నాకేం తెలీదు అని. మా మావయ్య ప్రతి గుమ్మం దగ్గరా ఆగడం మేం ఏళ్ళ తరబడి కళ్ళారా చూశాం. అయినా అమ్మ అదే మాట. మీ అబద్ధాన్ని మీకంటే గట్టిగా కాపాడింది."

హాల్లో ఎవరో నవ్వారు, ఇంకెవరో ముక్కు చీదారు. స్వతవా వేదిక మెట్లు దిగి వెళ్ళి యిత్కా పక్కన కూర్చుంది.

ఆ తర్వాత చాలామంది ఆమెను రాయమని అడిగారు. అరవై మీదపడ్డదానికి ఇప్పుడెందుకని రెండేళ్ళు తప్పించుకుంది. ఆఖరికి రేడియోకి ఒక నాటకం రాసింది. మేజోళ్ళ దుకాణంలో ఒక సోమవారం, అంతే కథ. రాసేముందు హెడా దగ్గరికీ ల్యూబా దగ్గరికీ వెళ్ళి, మీ మాటలు వాడుకోవచ్చా అని అడిగింది. "వాడుకో. నా మూడో మొగుణ్ణి మాత్రం కాస్త ఎత్తుగా చేసి రాయి," అంది హెడా.

తొంభై రెండు నవంబరులో ఆదివారం మధ్యాహ్నం నాటకం వచ్చింది. హెడా, ల్యూబా ఇద్దరూ స్వతవా గదికి వచ్చారు. కాఫీ కలిపారు, కేకు కోశారు, రేడియో బల్ల మధ్యలో పెట్టారు. మొదటి అయిదు నిమిషాలు ఊపిరి బిగబట్టి విన్నారు. తర్వాత హెడా కప్పు కింద పెట్టింది.

"నేనెప్పుడూ ఇంత గట్టిగా మాట్లాడలేదు."

"మాట్లాడావు," అంది ల్యూబా.

"నువ్వు ఊరుకో. నీకు ఇందులో ఉన్నదంతా నిట్టూర్పులే."

"ఆ నిట్టూర్పు నాది కాదు. నేను అంత పొడుగ్గా నిట్టూర్చను."

"ఇప్పుడు నిట్టూర్చిందేంటి మరి?"

వాదన పెరిగింది. మూడో మొగుడి ఎత్తు దగ్గరికి వచ్చింది, అక్కడినుంచి డెబ్బై నాలుగులో ఎవరు ఎవరి కత్తెర దాచారన్న దగ్గరికి వెళ్ళింది. రేడియోలో నటీమణులు తమ పాటికి తాము మాట్లాడుతూనే ఉన్నారు. నాటకం ఎప్పుడు అయిపోయిందో, చివర్లో రచయిత్రి పేరు ఎప్పుడు చదివారో ఆ ఇద్దరూ గమనించలేదు. స్వతవా రేడియో కట్టేసింది. కుర్చీ కాస్త ముందుకు జరుపుకుని, కాఫీ పోసుకుని, వాళ్ళిద్దరి మాటలూ వింటూ కూర్చుంది.